ఉత్తరం ఉన్న వైపు

కలకత్తా ఏక్‌బాల్‌పూర్‌లో మంచాల కిందికి ఇటుకలు చాలని వరద యేడు అది. దసరా ఇంకా రాలేదు. పూజ పందిళ్ళకి పాతిన వెదుళ్ళు మోకాలిలోతు నీళ్ళలో నిలబడ్డాయి. రేవు పక్క గల్లీల్లో ఇటుక కనబడితే ఎవరిదని అడిగేవాడు లేడు. ఎత్తుకుపోయి మంచం కోడు కింద పెట్టుకున్నవాడిదే ఇటుక.

నీళ్ళకన్నా ముందు రాయి వచ్చింది.

ఉత్తరాది మంచుకొండల్లో, చెట్టు మొలవని ఎత్తు నుంచి, గోనెగుడ్డలో చుట్టుకుని వచ్చింది. తెచ్చింది కౌముది. రాళ్ళు పరీక్ష చేసే ఆఫీసులో పరిశోధన చేసే పిల్ల. ఎండకి, మంచుకి ముక్కు మీద తోలు ఊడిపోయి ఉంది. గోనె విప్పి, రాయిని గోవిందరాజు బల్ల మీద పెట్టింది.

"భూమ్మీద చేప పుట్టకముందు రాయి, బాబాయిగారూ."

గోవిందరాజు దాన్ని అటూ ఇటూ తిప్పాడు. నల్లటి రాయి. ఒక కొసన వేలెడు మందాన తెల్లచార. ఎండ తగిలినచోట కాకిబంగారం రేకులు మెరుస్తున్నాయి.

"మరి అప్పుడు ఏటుండీది?" అన్నాడు.

"నీళ్ళు."

"ఇప్పుడూ అవేగదా," అని ఆకాశంకేసి చూశాడు. అతను ఒక రోజుకి మాట్లాడే మాటల్లో సగం అక్కడికి అయిపోయాయి.

గోవిందరాజు ఆ ఆఫీసులో రాళ్ళు కోసేవాడు. వయసు దాటిపోయినా, యేడాదికి ఒకసారి సంతకం పెట్టించుకుని ఉంచుకున్నారు. బెంగాలీవాళ్ళు గోబిందొదా అంటారు. సోంపేట అవతల సముద్రపొడ్డు మనిషి. మీసం రాకముందు రేవు పనికని వచ్చి, రేవు వదిలి రాళ్ళలో పడ్డాడు. వజ్రపుపొడి అద్దిన బిళ్ళ గిర్రున తిరుగుతుంటే, దాని మీద నీళ్ళు సన్నగా ధారపడుతుంటే, రాయిని నెమ్మదిగా దానికి అందించాలి. తొందరపెడితే బిళ్ళ కీచుమంటుంది. ఆ కీచు రాకుండా కొయ్యడమే పని. కోసిన ముక్కని గాజుపలకకి అంటించి, వెలుతురు ఇవతలికి వచ్చేదాకా అరగదియ్యాలి. అప్పుడు దాన్ని పైవాళ్ళు భూతద్దాల యంత్రంలో చూసుకుంటారు.

కౌముది తండ్రి బ్యాంకు ఉద్యోగం మీద కలకత్తా వచ్చాడు. పిల్ల ఇక్కడే పెరిగింది. తెలుగు చదవమంటే కూడబలుక్కుంటుంది. అయినా ఆమెకో పట్టింపు ఉంది. తెలుగు మనిషి ఎదురుపడితే ఒక్క ఇంగ్లీషు మాట దొర్లనివ్వదు. తల్లి మంగాదేవి అలా పెంచింది. "మధ్యాహ్నం భోజనం స్వీకరించారా, బాబాయిగారూ?" అని ఆ పిల్ల అడిగితే గోవిందరాజుకి ఎవరో పెళ్ళికి పిలుస్తున్నట్టు ఉండేది.

మర్నాడు ఆమె న్యూ టౌన్‌లో కడుతున్న కొత్త ఆఫీసుకి మీటింగు ఉందని వెళ్ళి, అక్కడి నుంచి ఫోను చేసింది.

"బాబాయిగారూ, ఆ రాయి కోసేయండి. ఉత్తరం ఉన్న వైపు మాత్రం ముట్టుకోకండి. మిగతా అన్ని వైపులా చెక్కి చదరం చేసెయ్యండి. పాడైన పొర ఎక్కడా మిగలకూడదు."

"అలాగేనమ్మా."

గోవిందరాజు రాయిని తడి గుడ్డతో తుడిచాడు. పై ముఖాన సుత్తి దెబ్బలు, వాటి మధ్య సుత్తి జారి గీసుకున్నట్టు సన్నటి గీత. కింది ముఖాన ఒక కాగితం అంటించి ఉంది. అయిదారు వరుసలు ఒత్తుగా రాసి, మీద లక్క పూసి, వాన తగిలినా చెరగకుండా పదిలం చేశారు. ఆఫీసులో అందరూ దిక్కు గుర్తు పెట్టాలంటే ఎర్రరంగుతో బాణం వేసి, పక్కన ఇంగ్లీషులో 'ఎన్' అని వేస్తారు. ఈ రాయికి ఎర్రరంగు లేదు. ఉత్తరం మాత్రం ఉంది, కాగితం మీద.

ఆ కాగితం ముఖాన్ని కిందికి పెట్టి, దానికి తడి తగలకుండా మైనపుగుడ్డ చుట్టి, నాలుగు పక్కలా కోశాడు. ఆఖరికి పైముఖం కోశాడు. పెంకులా బల్లపరుపుగా ఊడివచ్చింది. అలాంటి కోత రోజూ కుదరదు. అరచేతిలో పెట్టుకుని చూసుకున్నాడు.

కోసి పారేసిన ముక్కలు బాల్చీలో పడతాయి. బాల్చీ నిండితే వెనక దొడ్లో పోస్తారు. ఇదివరకు ఎవరికి కావలసింది వాళ్ళు పట్టుకుపోయేవాళ్ళు. రెండేళ్ళ కిందట ఎవడో గనుల దళారీకి రాళ్ళు అమ్మాడని తేలి, చిన్న ముక్కైనా గేటు దాటకూడదని నోటీసు అంటించారు. దాటితే పోలీసు కేసు. గోవిందరాజు ఆ నోటీసు కిందనుంచే ఇంటికి వెళతాడు. అతని ఇంట్లో తలుపు ఆపేది కోత ముక్క, ఊరగాయ మూత మీద బరువు కోత ముక్క. ఆ పొద్దున్న పెళ్ళాం పున్నమ్మ, "మొగులట్టీసింది, మంచం కోడు కిందికి ఒక పలకరాయి సూడు," అంది. సాయంత్రం ఆ పెంకు అన్నం గిన్నెతోపాటు సంచీలో ఇంటికి పోయింది.

ఆ రాత్రే పట్టింది వాన. తెల్లారేసరికి ఇంట్లో చెప్పులు ఈదుతున్నాయి.

ఆఫీసు మళ్ళీ తెరిచిన రోజు కౌముది చెప్పులు చేత్తో పట్టుకుని వచ్చింది. గోవిందరాజు ముందే అరగదీసి ఉంచిన గాజుపలకని యంత్రం కింద పెట్టి చాలాసేపు చూసింది. చూసి, అతన్ని కూడా చూడమంది. కాకిబంగారం రేకులన్నీ గాలికి వాలిన వరిచేనులా ఒకే పక్కకి వాలి ఉన్నాయి.

"తెల్లచార ఉన్న కొసకి వాలాయి. చూశారా?"

"సూసినాను."

"ఇవి ఎటు వాలితే రాగి అటు దిగుతుంది, బాబాయిగారూ. అక్కడ దక్షిణాన ఏరూ, ఏటి అవతల బోడికొండా. ఉత్తరాన మేత బయలు, రాగి అటు దిగితే దాన్నే తవ్వేస్తారు. గొర్రెలవాళ్ళు వేసవంతా అక్కడే గుడారాలు వేసుకుంటారు. వాళ్ళ గుడారంలోనే నేను తిన్నాను, పడుకున్నాను. ఇప్పుడు ఉత్తరం ఏ వైపో చూస్తే తేలిపోతుంది." చెయ్యి చాపింది. "ఏదీ, ఉత్తరం చూపించండి."

గోవిందరాజు మైనపుగుడ్డ విప్పి, కోసిన రాయిని వెల్లకిలా తిప్పాడు. కాగితం కొత్తగా అంటించినట్టే ఉంది.

"ఇదిగోనమ్మా ఉత్తరం. ఒక్క సుక్క తగల్నివ్వనేదు."

కౌముది కాగితం చూసింది. అతన్ని చూసింది. ఒక్కసారి నవ్వు వచ్చింది. నవ్వు సగంలో ఉండగానే రాయిని అందుకుని, గబగబా తిప్పి, పైముఖం చూసింది. అద్దంలా కోసి ఉంది.

"నార్త్," అంది. "బాబాయిగారూ, నార్త్. పైన మేకుతో గీశాను. ఆ చలిలో రంగు అంటలేదు, అందుకని గీత గీశాను. బాణం."

"నార్తు అంటే తెలిసీదమ్మా," అన్నాడు గోవిందరాజు.

ఆమె కుర్చీలో కూర్చుంది. ఇంకో రాయి తెచ్చుకుందామంటే ఆ బండే లేదు. రోడ్డు వెడల్పు చెయ్యడానికి, ఆమె కొండ దిగిన వారంలోనే మందుపెట్టి పేల్చేశారు. ఉన్నది ఈ ముక్క. దీనికి ఏది కిందో తెలుసు, ఏది పైనో తెలుసు. ఏ దిక్కుకి తిరిగి కూర్చునేదో తెలియదు.

"కోసిన పెంకులు?"

"బాల్చీలో ఏసినాను. బాల్చీ దొడ్లో పోసీసినారు."

అది అబద్ధం కాదు. ఒక్క పెంకు సంగతి చెప్పలేదు, అంతే.

కౌముది దొడ్లోకి పరిగెత్తింది. దొడ్డంతా కోత బురద, తుప్పు నీళ్ళు, పగిలిన గాజుపలకలు. పైజామా మోకాళ్ళదాకా మడిచి, రెండు చేతులూ బురదలో పెట్టి ముక్క తరవాత ముక్క తీసి, కడిగి, వేలితో తడిమి పక్కన పెట్టింది. గోవిందరాజు వచ్చి ఆమె పక్కన కూచుని, తనూ చేతులు పెట్టాడు. లేనిదాన్ని వెతకడం అతనికి చేతకాలేదు. ఒకే ముక్కని రెండుసార్లు తీసి కడిగాడు. ఆమె వేలు గాజుకి తెగింది. చీరుకున్న వేలు నోట్లో పెట్టుకుని, రెండో చేత్తో వెతికింది.

"ఒగ్గీయమ్మా," అన్నాడు.

"ఇంకా ఆ మూల చూడలేదు, బాబాయిగారూ. మీరు వెళ్ళండి, మీ కాళ్ళు నానిపోతాయి."

అతను వెళ్ళలేదు. ఎర్ర సూర్యుడు గోడ దిగేదాకా ఇద్దరూ మూల మూలా వెతికారు.

మర్నాడు పై ఆఫీసరు రఘురాం ఇద్దర్నీ గదిలోకి పిలిచాడు. విజయవాడ వైపు మనిషి, బదిలీ మీద వచ్చాడు. గొంతు పెంచడు. గోవిందరాజుకి కుర్చీ చూపించాడు. గోవిందరాజు నిలబడే ఉన్నాడు.

"ఏం గోవిందూ, ఇంట్లో నీళ్ళు తీశాయా?"

"తీత్తన్నాయి బాబూ."

"చెప్పింది ఈమె. కోసింది నువ్వు. ఇద్దరికీ ఏమీ కాకుండా చూద్దామని నా ఉద్దేశం." రఘురాం రాయిని తన వైపు తిప్పుకున్నాడు. "అక్కడి రాగి మేత బయలు కిందికే దిగుతుందని పోయిన యేడే పైకి రాశాం. మిగతా ఆధారాలన్నీ అటే ఉన్నాయి. ఈ ఒక్క రాయి కోసం ఆగిపోయింది. తెల్లచార వైపు మొన పెట్టి ఒక గీత గియ్యి. ఎర్ర రంగుతో, ఎప్పుడూ వేసినట్టే. నీ చేతి గీతని ఈ ఆఫీసులో ఎవరు ప్రశ్నిస్తారు?"

కౌముది, "సార్," అంది.

"న్యూ టౌన్‌లో కొత్త యంత్రాలు పెడుతున్నాం, గోవిందూ. యంత్రం అంటే యంత్రమే. పక్కన తెలిసిన చెయ్యి ఒకటి ఉండాలిగా."

"సార్, తెలియనిది తెలియదనే రాస్తాను," అంది కౌముది.

"ఎందుకు తెలియదో కూడా రాయాలమ్మా."

"నావల్ల అని రాస్తాను."

"కోసింది ఆయన."

"మాట నాది, సార్. నార్త్ అనకుండా ఉత్తరం అన్నాను. ఆయన ఉత్తరాన్ని కాపాడారు."

రఘురాం నవ్వాడు. మంచి నవ్వే. "సరే. రేపు మధ్యాహ్నం రిపోర్టు పంపించేస్తాను. నమూనా పాడుచేసింది నువ్వని నీ పేరే ఉంటుంది. ఆ తరవాత నిన్ను మళ్ళీ కొండలకి పంపమని నేనెవర్నీ అడగలేను. ఇంట్లో ఒకసారి ఆలోచించుకో. గోవిందూ, నువ్వు కూడా."

వసారాలోకి వచ్చాక కౌముది వేలికి కట్టిన గుడ్డ బిగించుకుంది. "మీరు ఏ గీతా గియ్యకండి, బాబాయిగారూ," అని కంప్యూటరు ముందుకి వెళ్ళిపోయింది.

ఇంట్లో నీళ్ళు పిక్కలదాకా తగ్గాయి. గోవిందరాజు అక్క అప్పలకొండమ్మ మంచం మధ్యని కాళ్ళు ముడుచుకుని కూచుని ఉంది. వాన పట్టిన రోజు ఎక్కిన మనిషి. దిగమంటే దిగదు.

"ఒచ్చినావురా గోయిందా? రా, తెప్ప ఎక్కు. సందలకి కళింగపట్నం పోతన్నాది."

గోవిందరాజు లుంగీ ఎగ్గట్టి, మంచం పక్కని నీళ్ళలో కూచున్నాడు. మూడు కోళ్ళ కింద ఇటుకలు. నాలుగో కోడు కింద చెయ్యి పెట్టాడు. నీళ్ళలో కళ్ళు పనికిరావు. బొటనవేలితో పెంకు అడుగుముఖం తడిమాడు. నున్నటి కోత. పైముఖం మీద కోడు ఉంది. కోడు పక్కనించి వేలు పోనిచ్చాడు. సుత్తి దెబ్బల గరుకు. ఆ గరుకులో దారంలా ఒక గాటు తగిలింది.

"అప్ప, ఒకపాలి దిగు."

"నాను దిగను. నీళ్ళలో జెర్రులున్నాయి."

"ఆ కోడు కింద రాయి తియ్యాల."

"నాలుగు కోళ్ళలో కుదురుగా కూకున్నది అదొక్కటీ. దాన్నే తీత్తావేట్రా? నీకు నా మీద ఏటి కోపం?"

పున్నమ్మ స్టవ్ దగ్గర్నించి తిరిగింది. "ఏటది? ఏటి ఎతుకుతున్నావు?"

"నువ్వు కోడు కిందికి సన్నికల్లు తోసీ. నాను ఎత్తుతాను."

"సన్నికల్లేటి! మరి పచ్చడి నీ నెత్తి మీద నూరనా?"

అయినా సన్నికల్లు తెచ్చింది. గోవిందరాజు భుజం పట్టెకింద పెట్టి లేచాడు. మంచం, మంచం మీద అక్క, అక్క ఒళ్ళో ట్రాన్సిస్టరు అన్నీ పైకి లేచాయి. "ఓలమ్మో, తెప్ప తిరగబడిపోతాది!" అని అప్పలకొండమ్మ గోడ పట్టుకుంది. పున్నమ్మ పెంకు లాగి సన్నికల్లు తోసింది.

పెంకుని భుజం మీది గంఛా తువ్వాలుతో తుడిచి, దీపం కిందికి తీసుకెళ్ళాడు. ఒక కొసన తెల్లచార. సుత్తి దెబ్బల మధ్య గీత, గీత చివర రెండు చిన్న గాట్లు, బాణం మొన. మొన తెల్లచార వైపు చూస్తోంది.

అతను పెంకుని తలకిందులుగా తిప్పి మళ్ళీ చూశాడు. రాయిని ఎలా తిప్పినా మొన తెల్లచార వైపే. రఘురాం గీయమన్న గీతే అది. మేత బయలు కిందికే.

అటక నిచ్చెన మెట్టు మీద కూచున్నాడు. పున్నమ్మ అడిగితే, నాలుగు మాటల్లో చెప్పాడు. నాలుగూ చాలాయి. పున్నమ్మకి తన మొగుడి మాటలకి మధ్య ఖాళీలు పూరించుకోవడం అలవాటే.

"అయితే ఉన్న కాడే పెట్టీ," అంది. "నువ్వు పట్టుకెళ్తే గేటు దాటించినావని దొంగోడంటారు. గొర్రెలోళ్ళ బయలు పోతాది. పట్టుకెళ్ళకపోతే ఎవరికీ ఏటీ అవదు."

"ఆ పిల్లకి అవతాది."

"ఆ పిల్ల సదువుకున్నాది. ఇంకో ఆఫీసు సూసుకుంతాది."

మంచం మీంచి అప్పలకొండమ్మ మెడ చాపింది. "ఏ దిక్కు సూపిత్తన్నాదట్రా అది?"

"పెద్దబాబు సెప్పిన దిక్కే."

"మరి ఆడు గియ్యమన్నప్పుడు గీసీకపోయావా? ఇంత తిప్పలేటి? నన్ను ఎత్తి కుదేసినావు."

పున్నమ్మ గోవిందరాజుకి కంచం పెట్టింది. తిన్నాడు. పెంకు అతని పక్కని మెట్టు మీదే ఉంది. తిన్నాక చెయ్యి కడుక్కుని, బొటనవేలితో ఆ గీతని మరోసారి తడిమాడు. మేకు రాయిలో దిగినచోట అంచు ఇంకా పదునుగానే ఉంది. చలికి చేతులు వణికాయేమో, మధ్యలో ఒకచోట వంకర పోయింది.

"కోడు కింద సన్నికల్లు మరి తీను," అన్నాడు.

పున్నమ్మ అతని మొహంకేసి చూసి, పచ్చడికని నానబెట్టిన మిరపకాయలు తీసి పక్కన పెట్టేసింది.

తెల్లవారి గోవిందరాజు పెంకుని దేనిలోనూ దాచలేదు. చేత్తో పట్టుకుని, నీళ్ళు నడిచి, ట్రాము పట్టాల మీదికి ఎక్కి ఆఫీసుకి పోయాడు. గేటు దగ్గర కావలివాడు అశోక్‌కుమార్ స్టూలు మీంచి లేచాడు.

"అరే దాదా, రాయి బయటికి పోకూడదని గానీ లోపలికి రాకూడదని నోటీసు లేదు. ఎక్కడిది?"

"ఇక్కడిదే," అన్నాడు గోవిందరాజు హిందీలో, ఆగకుండా.

కౌముది రాత్రంతా నిద్రపోయినట్టు లేదు. కంప్యూటరు ముందు కూచుని ఉంది. అతను ఆమె బల్ల మీది రాయి మీద పెంకుని పెట్టి, కొద్దిగా జరిపాడు. తెల్లచార తెల్లచారకి కలిసింది. రంపం తిన్న మందం మాత్రమే తేడా. రెంటినీ కలిపి పట్టుకుని, బాణం మొన కిటికీ వైపు వచ్చేలా తిప్పి పెట్టాడు. ఆ కిటికీ ఉత్తరపు గోడది.

"ఉత్తరం, అమ్మా," అన్నాడు.

కౌముది లేవలేదు. వేలు చాపి గీతని ముట్టుకుంది. వంకర పోయినచోట వేలు ఆగింది. తరవాత మొననీ, తెల్లచారనీ చూసింది.

"ఎక్కడ దొరికింది?"

"మా అప్ప మంచం కోడు కింద."

"ఆ రోజు దొడ్లో... మీకు తెలుసా?"

"తెలుసు."

ఆమె కట్టు కట్టిన వేలిని రెండో చేత్తో పట్టుకుంది. "తెల్లచార ఏ వైపు ఉందో చూశారా?"

"సూసినాను."

"చూసీ తెచ్చారా?"

"కోసింది నానే గదమ్మా."

ఆమె కంప్యూటరు వైపు తిరిగింది. తెర మీది 'దిక్కు తెలియదు' అన్న మాటలు ఒక్కొక్క అక్షరంగా వెనక్కి పోయాయి. ఆ ఖాళీలో వేళ్ళు ఆనించి, రాయడం మొదలుపెట్టకుండా కూచుంది.

గోవిందరాజు కోత గదిలోకి వెళ్ళి రంపం మీద నీళ్ళ పంపు కట్టేసి ఉందో లేదో చూశాడు. ఇన్నాళ్ళూ కోత ముక్కలు ఇంటికి మోసి, మేకుకి తగిలించిన పాత సంచీ తీశాడు. అడుగున రాతిపొడి తెల్లగా పేరుకుని ఉంది. దాన్ని దులపలేదు. అలాగే మడిచి చంకలో పెట్టుకుని, పిలిపించకముందే రఘురాం గారి గది దాకా నడిచి, తలుపు మీద వేళ్ళతో కొట్టాడు.